ఫాగింగ్ బండి వచ్చి పోతోంది, దోమలు పోవట్లేదు. ఇంకేం చేయాలి?

మూడో_అంతస్తు
మా వీధిలో ఏ ఇంట్లో చూసినా జ్వరాలే. మా అపార్ట్‌మెంట్‌లో ఇద్దరు పిల్లలకు డెంగీ అని తేలింది, ఒకరు ఇంకా హాస్పిటల్లోనే ఉన్నారు. ఫోన్ చేయగా చేయగా ఎప్పుడో ఒకసారి ఫాగింగ్ బండి వస్తుంది. వీధంతా పొగ కమ్మేసి, మలుపు తిరిగి మాయమైపోతుంది. ఆ రాత్రి కాస్త నయం, మర్నాటికి మళ్లీ మామూలే. మా వెనక పెద్ద మురుగు కాలువ ఉంది, దానికి పూడిక తీసి ఎన్నాళ్లయిందో దేవుడికెరుక. రోజూ సాయంత్రం ఫాగింగ్ చేయాలని అందరి సంతకాలతో అర్జీ పెడదామనుకుంటున్నా. ఇలా పెట్టి పని జరిపించుకున్నవాళ్లు ఎవరైనా ఉన్నారా? ఏం రాస్తే కదులుతారు?

నిద్రలేని_పక్షి
నా సంతకం కూడా వేసేసుకోండి. మా వైపు ఆ బండి కూడా రాదు.

గల్లీ_లీడర్
అర్జీలతో అయ్యే పని కాదు సార్. ఎన్నికలు దగ్గరికి రానివ్వండి, అడగకపోయినా పూటకోసారి వస్తుంది.

లార్వా_వేట
నేను దోమల విభాగంలోనే ఫీల్డ్‌లో పనిచేస్తాను. ఏ ఊరో అడగొద్దు, ఉద్యోగం కావాలి. మూడో అంతస్తు గారూ, మీ బాధ అర్థమైంది కానీ ఆ అర్జీ వల్ల డెంగీ తగ్గదు.

పొగ కేవలం ఆ సమయానికి గాల్లో ఎగురుతున్న దోమకి తగిలితేనే పనిచేస్తుంది. నీళ్లలో ఉన్న లార్వాకి (దోమ పిల్ల పురుగు), గుడ్డుకి దాంతో ఏమీ కాదు. బండి చప్పుడు వినగానే మీరంతా ఏం చేస్తారు? తలుపులు, కిటికీలు బిగించేస్తారు. డెంగీ దోమ ఉండేది లోపలే. మంచం కింద, కర్టెన్ మడతల్లో, బీరువా వెనక, హ్యాంగర్‌కి తగిలించిన ముదురు రంగు బట్టల మీద. పొగ బయట, దోమ లోపల. పొగ విడిపోయేసరికి పాత నీళ్లలోంచి కొత్త బ్యాచ్ పైకి లేస్తుంది.

ఇంకో మాట. మీ కాలువలో పెరిగేది క్యూలెక్స్. రాత్రిళ్లు చెవి దగ్గర గుయ్‌మంటూ నిద్ర చెడగొట్టేది అదే. దానివల్ల బోదకాలు రావచ్చు, డెంగీ మాత్రం రాదు. డెంగీ, చికున్‌గున్యా, జికా తెచ్చేది ఏడిస్. నల్లగా ఉంటుంది, కాళ్ల మీద తెల్ల చారలు. పగలే కుడుతుంది, ఉదయం పూటా, పొద్దు గుంకే ముందూ మరీ ఎక్కువ. దానికి మురుగు అక్కర్లేదు. మీ ఇంట్లో, మీ మేడ మీద నిలవున్న మంచినీళ్లు చాలు.

మూడో_అంతస్తు
అంటే తప్పు మాదేనంటారా? పన్నులు కట్టేది మేము, జ్వరాలు పడేది మేము, చివరికి దోమలు పెంచేది కూడా మేమేనా?

లార్వా_వేట
తప్పొప్పులు నేను తేల్చలేదండి. దోమ ఎక్కడ పుడుతుందో చెప్పానంతే.

తిక్క_శంకరం
దోమలకి ఆధార్ కార్డు ఇస్తే పోలా, ఏ ఇంటిదో తెలిసిపోతుంది.

రిటైర్డ్_ఏఈ
లార్వా వేట గారు చెప్పింది నిజమే కానీ కాలువని అంత తేలిగ్గా వదిలేయకండి. నేను పనిచేసింది డ్రైనేజీలోనే. నీరు పారుతూ ఉంటే దోమ పెరగదు. పూడిక పేరుకుని, ప్లాస్టిక్ అడ్డుపడి నీరు ఆగిపోయినప్పుడే వస్తుంది. జనం విసిగిపోయేది క్యూలెక్స్‌తోనే, ఫిర్యాదులన్నీ దాని మీదే వస్తాయి. అధికారులు కూడా ఆ ఫిర్యాదులకి సమాధానంగానే పొగ కొడతారు. పొగ కంటికి కనిపిస్తుంది కదా. ఇంటింటికీ తిరిగి తొట్టి వంపించిన మనిషి పని ఫొటోలో కూడా పడదు.

నిద్రలేని_పక్షి
> పొగ కంటికి కనిపిస్తుంది కదా

ఈ ఒక్క లైనుకే సగం శాఖల పనితీరు అర్థమైపోయింది.

చెట్ల_పిచ్చి
కుండీల కింద పళ్లేలు ఉన్నాయి మా ఇంట్లో చాలా. నీళ్లు రోజూ మారుస్తాను. అయినా వస్తాయా?

లార్వా_వేట
మార్చడం అంటే వంపేసి మళ్లీ పోయడమేనా, లోపల తోముతారా? ఏడిస్ గుడ్లు నీళ్లలో వదలదు. నీటి మట్టానికి కాస్త పైన, తడిగా ఉన్న గోడకి అంటిస్తుంది. నల్లగా, మసి రేణువుల్లా ఉంటాయి, కంటికి ఆనవు. నీళ్లు వంపేసినా అవి అక్కడే అతుక్కుని ఉంటాయి. ఎండిపోయినా చావవు, నెలల తరబడి అలాగే ఉండి, మళ్లీ నీళ్లు తగలగానే పొదుగుతాయి. ఎండాకాలమంతా మేడ మీద ఎండిన పాత బకెట్టు తొలి వానకే లార్వాతో నిండిపోయేది ఇందుకే.

కాబట్టి వంపాలి, పీచుతో గోడలు గట్టిగా తోమాలి, తర్వాత బోర్లించాలి. వారానికి ఒక్కసారి చాలు. వెచ్చటి వాతావరణంలో గుడ్డు నుంచి ఎగిరే దోమ అవ్వడానికి వారం నుంచి పది రోజులు పడుతుంది. వారం దాటనివ్వకపోతే ఆ బ్యాచ్ ఎగరదు. డ్రై డే అని ప్రచారం చేసేది దీని కోసమే. మీ పళ్లేలైతే ఇసుకతో నింపేయండి. తడి ఉంటుంది, నీరు నిలవదు.

చెట్ల_పిచ్చి
ఇసుక ఐడియా బాగుంది. మనీప్లాంట్ సీసాలు కూడానా అయితే?

లార్వా_వేట
అవి మరీ. మేం ఇంట్లోకి వెళ్లగానే ముందు చూసేవి వాటినే. ఆ తర్వాత ఫ్రిజ్ వెనక ట్రే.

హోమ్‌మేకర్_దుర్గ
ఫ్రిజ్ వెనక ట్రే ఉంటుందని ఇప్పుడే తెలిసింది. ఫ్రిజ్ జరిపి చూశా. టార్చ్ వేయగానే చిన్న చిన్న పురుగులు తలకిందులుగా వేలాడుతున్నాయి, వెలుతురు పడగానే గిలగిల్లాడుతూ కిందికి దిగిపోయాయి. ఒళ్లు జలదరించింది. బాబు ఆ పక్కనే కూర్చుని ఆడుకుంటాడు.

లార్వా_వేట
అలా తోక చివరి గొట్టాన్ని నీటి పైకి ఆనించి తల కిందికి వేలాడేవి ఏడిస్ గానీ క్యూలెక్స్ గానీ అవుతాయి. మలేరియా దోమ ఎనాఫిలిస్ లార్వాకి ఆ గొట్టం ఉండదు, నీటి ఉపరితలానికి సమాంతరంగా పడుకుని ఉంటుంది. మీ ట్రేలోది ఏడిసే అయి ఉండొచ్చు. వంపేసి, తోమి, ఆరబెట్టి పెట్టండి. వంపేటప్పుడు సింకులో కాదు, ఎండిన నేల మీద పారబోయండి. ఎండిపోయి చస్తాయి.

తిక్క_శంకరం
ఇప్పుడు ఈ థ్రెడ్ చదివేవాళ్లంతా ఫ్రిజ్‌లు జరుపుతున్నారు. నడుం నొప్పుల థ్రెడ్ ఇంకోటి తెరవాలి.

డ్యూటీ_డాక్టర్
ఫ్రిజ్‌ల సంగతి సరే, జ్వరం సంగతి కూడా ఒకటి చెప్పాలి. మూడో అంతస్తు గారు చెప్పిన పిల్లల్లాంటి కేసులు వార్డులో రోజూ చూస్తున్నా.

డెంగీలో జనం ప్లేట్‌లెట్ల అంకె పట్టుకుని కూర్చుంటారు. అసలు ప్రమాదం రక్తనాళాల్లోంచి ప్లాస్మా, అంటే రక్తంలోని ద్రవం, బయటికి కారిపోవడం. అది జరిగేది చాలాసార్లు జ్వరం తగ్గాక, హమ్మయ్య అనుకునే సమయానికే. జ్వరం దిగిన తర్వాత తీవ్రమైన కడుపునొప్పి, ఆగని వాంతులు, చిగుళ్ల నుంచో ముక్కు నుంచో రక్తం, మగతగా ఉండటం, చిరాకు, మూత్రం తగ్గడం... వీటిలో ఏది కనిపించినా రిపోర్టు కోసం ఎదురుచూడకుండా హాస్పిటల్‌కి తీసుకెళ్లండి. జ్వరానికి పారాసెటమాల్ మాత్రమే, మోతాదు దాటకుండా. ఒళ్లునొప్పులు తగ్గట్లేదని ఐబూప్రొఫెన్, ఆస్పిరిన్ లాంటివి వేయకండి, రక్తస్రావం పెరుగుతుంది.

వైరస్ ప్రోటీన్‌ని పట్టే ఎన్ఎస్1 రక్త పరీక్ష మొదటి ఐదు రోజుల్లో చేయిస్తేనే ఉపయోగం. ఆ తర్వాత యాంటీబాడీలని చూసే ఐజీఎం పరీక్ష.

నిద్రలేని_పక్షి
డాక్టర్ గారూ, ఒకసారి వస్తే మళ్లీ రాదంటారు కదా?

డ్యూటీ_డాక్టర్
డెంగీ వైరస్‌లో నాలుగు రకాలున్నాయి. ఒక రకం వచ్చి తగ్గితే ఆ రకం మళ్లీ రాదు, మిగతా మూడూ రావచ్చు. పైగా రెండోసారి వేరే రకం వస్తే తీవ్రంగా మారే అవకాశం ఎక్కువ. కాబట్టి మాకొకసారి వచ్చి పోయిందిలే అని ధీమా పడకూడదు.

ఇంకొకటి. ఇంట్లో రోగి ఉంటే పగలు కూడా దోమతెరలోనే ఉంచండి. జ్వరం ఉన్న రోజుల్లో అతన్ని కుట్టిన దోమకి వైరస్ ఎక్కుతుంది. ఎనిమిది నుంచి పన్నెండు రోజులయ్యాక ఆ దోమ కుట్టినవాళ్లకి అంటించగలదు. ఏడిస్ కడుపు నిండేలోపు ఇంట్లో ముగ్గురు నలుగురిని కుట్టగలదు. ఒకే ఇంట్లో అందరూ వరసగా పడటం అందుకే.

గల్లీ_లీడర్
ప్లేట్‌లెట్లు ఎక్కించమని మేమే డాక్టర్‌తో గొడవపడ్డాం మొన్న. ఆయన ఎక్కించనంటే ఇంకో హాస్పిటల్‌కి మార్చాం.

డ్యూటీ_డాక్టర్
రక్తస్రావం లేకుండా కేవలం అంకె తగ్గిందని ఎక్కించడం వల్ల లాభం లేదండి. రక్తం చిక్కబడుతోందా, బీపీ ఎలా ఉంది అన్నది చూస్తాం. సరైన లెక్కలో ద్రవాలు ఎక్కించడమే అసలు వైద్యం. మీ డాక్టర్ సరిగ్గానే చెప్పారు.

కోడింగ్_కాకి
టెన్షన్ ఎందుకు, ఫోన్‌లో దోమల్ని తరిమే యాప్ ఉంది, అల్ట్రాసోనిక్ సౌండ్ వస్తుంది.

తిక్క_శంకరం
వేసి చూశా. దోమ వచ్చి ఫోన్ మీదే కూర్చుంది.

లార్వా_వేట
ఆ శబ్దాలకి దోమలు పారిపోవు, చాలా పరీక్షల్లో తేలింది. నీలం లైటు ఉండే కరెంటు యంత్రాలు కూడా అంతే. వాటిలో చచ్చేవి ఎక్కువగా వేరే పురుగులు. దోమని లాగేది మన ఊపిరిలోని కార్బన్ డయాక్సైడ్, ఒంటి వేడి, చెమట వాసన.

అమ్మమ్మ_వైద్యం
మరి కాయిల్స్? తరతరాలుగా వాడుతున్నాం.

డ్యూటీ_డాక్టర్
మూసిన గదిలో రాత్రంతా వద్దు. 2003లో వచ్చిన ఒక అధ్యయనంలో ఒక్క కాయిల్ కాలితే వచ్చే సన్నని ధూళి 75 నుంచి 137 సిగరెట్లకి సమానమని లెక్క తేల్చారు. ఆస్తమా ఉన్నవాళ్లు, పసిపిల్లలు ఉన్న ఇంట్లో అసలే వద్దు. ఒంటికి రాసుకోవాలంటే దోమల్ని దూరంగా ఉంచే డీట్ గానీ, పికారిడిన్ గానీ ఉన్న క్రీము చూసుకోండి. రెండు నెలల లోపు పిల్లలకి ఏదీ రాయకుండా తెర కట్టడమే మేలు.

మూడో_అంతస్తు
సాయంత్రం వాచ్‌మన్‌ని తీసుకుని బిల్డింగంతా తిరిగాను. చూసింది చూసినట్టు రాస్తున్నా.

ఓవర్‌హెడ్ ట్యాంకులు వరసగా ఉన్నాయి. ఒకదానికి మూత పగిలి సగమే ఉంది, దాని మీద రాయి పెట్టారు. లోపల తొంగి చూస్తే నీటి మీద దోమలు వాలి ఉన్నాయి. లిఫ్ట్ గుంతలో మోకాలి లోతు నీరు, ఎక్కడినుంచి ఊరుతోందో ఎవరికీ తెలియదు. ఐదో అంతస్తులో తాళం వేసిన ఫ్లాట్, ఓనర్లు విదేశాల్లో. వాళ్ల బాల్కనీలో తొట్టి ఉన్నట్టు పై నుంచి కనిపిస్తోంది. ఇక పక్క స్థలంలో కట్టడం ఆగిపోయిన బిల్డింగ్. సెల్లార్ గుంత పూర్తిగా నీళ్లే, చెరువులా ఉంది. ఇప్పుడు చెప్పండి, మా కుండీ పళ్లేలు తోమితే ఆ చెరువు ఏమవుతుంది?

రిటైర్డ్_ఏఈ
ఇది న్యాయమైన ప్రశ్న. ఇంటిని శుభ్రంగా ఉంచుకోండి అని జనానికి ఉపన్యాసాలిచ్చే అధికారులు ఇలాంటి గుంతల జోలికి పోరు. కట్టుబడి స్థలాల్లో క్యూరింగ్ కోసం (కాంక్రీటు గట్టిపడేలా తడపడానికి) నిలవ చేసే నీరు, లిఫ్ట్ గుంతలు, స్లాబు మీద గట్లు కట్టి నిలిపే నీరు... ఒక్క సైటు మొత్తం వీధికి సరిపడా దోమల్ని ఇస్తుంది. కూలీలు కూడా అక్కడే ఉంటారు, మొదట పడేది వాళ్లే.

సింగపూర్‌లో ఇంట్లో లార్వా దొరికితే ఇంటివాళ్లకి జరిమానా, కట్టుబడి సైటులో దొరికితే ఇంకా పెద్ద జరిమానా, పని ఆపేయమనే ఉత్తర్వు కూడా. అక్కడ ఇన్‌స్పెక్టర్ తలుపు కొడితే తీయాల్సిందే.

వైరాలజీ_విద్యార్థి
సింగపూర్ అని అందరూ ఉదాహరణ చెప్తారు. అంత కట్టుదిట్టంగా ఉన్నా 2020లో అక్కడ 35 వేలకు పైగా డెంగీ కేసులొచ్చాయి. జరిమానాలు ఒక్కటే సరిపోతే అలా జరగదు. దోమలు బాగా తగ్గిపోయిన చోట జనంలో రోగనిరోధక శక్తి కూడా తగ్గుతుంది, ఆ తర్వాత కొద్ది దోమలే ఉన్నా వ్యాధి పాకుతుంది. వైరస్‌లో ప్రధాన రకం మారిన సంవత్సరాల్లో మరీ.

రిటైర్డ్_ఏఈ
అయితే వదిలేద్దామా? తక్కువ దోమలుంటే కేసులు తక్కువే ఉంటాయి కదా.

వైరాలజీ_విద్యార్థి
వదిలేయమనట్లేదు సార్. ఒక్కసారి ఊడ్చేసి ఊరుకుంటే కుదరదంటున్నా. బ్రెజిల్ సంగతే చూడండి. ఇంటింటి తనిఖీతో, డీడీటీ అనే పురుగుమందుతో ఏడిస్‌ని దేశం మొత్తంలో నిర్మూలించింది. 1958లో దాన్ని అధికారికంగా ప్రకటించారు. ఆ తర్వాత నిఘా సడలింది, పక్క దేశాల నుంచి మళ్లీ వచ్చేసింది. ఇప్పుడు ప్రపంచంలో అత్యధికంగా డెంగీ కేసులు చూసే దేశాల్లో అదొకటి.

దానికి ముందు 1901లో హవానాలో గోర్గస్ అనే అమెరికన్ సైనిక వైద్యుడు ఇదే దోమ మీద యుద్ధం చేశాడు, అప్పుడు వ్యాధి ఎల్లో ఫీవర్. దోమే దాన్ని మోస్తుందని కార్లోస్ ఫిన్లే అనే క్యూబా వైద్యుడు 1881లోనే చెబితే ఎవరూ నమ్మలేదు. గోర్గస్ మనుషులు ప్రతి ఇంటికీ వెళ్లి నీటి పీపాలకి మూతలు వేయించారు, నిలవ నీటి మీద నూనె పోశారు, మాట వినని వాళ్లకి జరిమానా వేశారు. నెలల్లోనే హవానాలో ఎల్లో ఫీవర్ మాయమైంది. అప్పటికి డీడీటీ కూడా లేదు.

లార్వా_వేట
తమ్ముడూ, గోర్గస్ వెనక సైన్యం ఉంది. నా వెనక ఒక టార్చ్, లార్వాని తోడి చూసే ఒక లాడిల్ (గరిటె), ఒక రిజిస్టర్. కాలింగ్ బెల్ కొడితే తలుపు సందులోంచి ఏమీ వద్దండి అంటారు. సేల్స్ వాళ్లనుకుని.

హోమ్‌మేకర్_దుర్గ
అబద్ధం ఎందుకు, మేము కూడా తీయం. ఒంటరిగా ఉన్నప్పుడు ఎవరినో లోపలికి రానివ్వాలంటే భయమే కదా. కాలనీ నుంచి తెలిసిన ఆడమనిషి ఎవరైనా వెంట వస్తే తీస్తాం.

లార్వా_వేట
న్యాయమే. మా టీమ్‌లో ఆశా కార్యకర్త వెంట ఉన్న రోజున రెట్టింపు ఇళ్లు తెరుచుకుంటాయి. ఈ మాట మా పైవాళ్లకి ఎన్నిసార్లు చెప్పినా ఎక్కదు.

మూడో_అంతస్తు
సరే. అర్జీ మారుస్తాను. రోజూ ఫాగింగ్ అని కాకుండా ఏం అడగాలి?

లార్వా_వేట
ఇలా రాయండి. పక్క సైటు గుంతలో నీరు తోడించాలి, లేదా వారం వారం లార్వా మందు వేయించాలి, ఓనర్‌కి నోటీసు ఇవ్వాలి. తాళం వేసిన ఫ్లాట్లు తెరిపించే ఏర్పాటు చేయాలి. కాలువలో పూడిక తీసి నీరు పారేలా చేయాలి. డెంగీ తేలిన ఇంటి చుట్టూ ఇళ్లలో లార్వా సర్వే చేసి బ్రిటో ఇండెక్స్ ఎంతో లిఖితపూర్వకంగా చెప్పాలి. వంద ఇళ్లు చూస్తే లార్వా ఉన్న పాత్రలు ఎన్ని అనే లెక్క అది. ఈ పదం అర్జీలో కనబడితే ఆఫీసులో లేచి కూర్చుంటారు.

ఫాగింగ్ అసలు వద్దని కాదు. కేసు తేలిన ఇంటి లోపలా, చుట్టుపక్కల ఇళ్ల లోపలా చేత్తో పట్టుకునే మిషన్‌తో కొడితే వైరస్ ఎక్కిన దోమలు కొన్ని చస్తాయి. అది పనికొస్తుంది. ఏడిస్ మామూలుగా పుట్టిన చోటు నుంచి వంద, రెండు వందల మీటర్లు దాటి పోదు. అందుకే ఊరంతా బండి తిప్పేకంటే ఆ ఇంటి చుట్టూ గట్టిగా పనిచేయడం మేలు. ఏళ్ల తరబడి ఒకే మందు వాడటంతో చాలాచోట్ల దోమలు పైరిత్రాయిడ్లకి (ఫాగింగ్‌లో వాడే మందులు) అలవాటు పడిపోయాయి కూడా.

గల్లీ_లీడర్
బ్రిటో ఇండెక్స్. రాసుకున్నా. మీటింగ్‌లో వాడతా.

తిక్క_శంకరం
లీడర్ గారు ఉచ్చారణ ప్రాక్టీస్ చేస్తున్నారు, ఎవరూ డిస్టర్బ్ చేయకండి.

చేపల_తొట్టి
పక్క సైటు గుంతలో గంబూసియా చేపలు వదలండి. లార్వాని నమిలేస్తాయి. మందు గొడవే ఉండదు.

వైరాలజీ_విద్యార్థి
గంబూసియా వద్దు ప్లీజ్. ప్రపంచంలో అత్యంత హానికరమైన వంద చొరబాటు జీవుల జాబితాలో ఉంది అది. వానకి గుంత పొంగి కాలువలోకి, చెరువులోకి పోతే అక్కడి చేపల గుడ్లు, కప్ప పిల్లల్ని కూడా తినేస్తుంది.

చేపల_తొట్టి
ఎన్నో ఏళ్లుగా వదులుతూనే ఉన్నారు, ప్రపంచం మునిగిపోలేదు. మందు కంటే చేప మేలు అని నా అభిప్రాయం.

లార్వా_వేట
బయటికి దారి లేని బావి, ఫౌంటెన్ లాంటి వాటిలో గప్పీలు వేస్తే పర్వాలేదు. గుంతకి బీటీఐ ఉంది. నేలలో ఉండే బ్యాక్టీరియాతో చేసిన మందు. లార్వా దాన్ని తింటే పేగు చితికి చస్తుంది. చేపలకి, మనుషులకి, పశువులకి హాని లేదు. ఒక్క చిక్కుంది. లార్వా తర్వాతి ప్యూపా దశకి వచ్చిన వాటికి పనిచేయదు, అవి ఏమీ తినవు. కామా ఆకారంలో దొర్లుతూ ఉంటాయి చూడండి, అవే. అవి కనిపిస్తే ఒకటి రెండు రోజుల్లో దోమలు లేస్తాయని అర్థం. అప్పుడు నీరు తోడేయడమో, పైన పల్చగా నూనె పొర వేయడమో చేయాలి.

హోమ్‌మేకర్_దుర్గ
తాగే నీటి సంప్‌లో కూడా మందు వేస్తారా? మా దగ్గర వేయబోతే అత్తయ్య గారు రాద్ధాంతం చేసి పంపేశారు.

లార్వా_వేట
టెమిఫాస్ అనే లార్వా మందుని తాగునీటిలో నిర్ణీత మోతాదులో వాడొచ్చని ప్రపంచ ఆరోగ్య సంస్థే చెప్పింది. కాస్త వాసన వస్తుంది, దానికే గొడవ. మీ సంప్‌కి మూత గాలి కూడా దూరనంత బిగుతుగా ఉంటే మందు అక్కర్లేదు, అత్తయ్య గారితో గొడవా అక్కర్లేదు.

ట్యాంకుల విషయంలో ఇంకోటి. నగరాల్లో మలేరియా దోమ ఎనాఫిలిస్ స్టీఫెన్సై పెరిగేది ఎక్కువగా ఇలాంటి ట్యాంకుల్లోనే. మలేరియా అంటే పల్లెల రోగం, అడవుల రోగం అనుకుంటారు. ఆఫ్రికాలో అసలు లేని ఈ దోమ 2012లో జిబూటీలో కనిపించి, అక్కడి నుంచి పక్క దేశాల నగరాలకి పాకింది. వాళ్లకి ఇప్పుడదే పెద్ద తలనొప్పి.

కోడింగ్_కాకి
ల్యాబ్‌లో దోమల్ని పెంచి ఊళ్లోకి వదులుతారట కదా. ఉన్నవి చాలవా?

వైరాలజీ_విద్యార్థి
ఇది నాకు ఇష్టమైన టాపిక్, కొంచెం పెద్దగా రాస్తా.

వోల్బాకియా అనే బ్యాక్టీరియా చాలా కీటకాల్లో సహజంగానే ఉంటుంది, డెంగీ తెచ్చే ముఖ్యమైన దోమ ఏడిస్ ఈజిప్టైలో మాత్రం ఉండదు. దాన్ని ల్యాబ్‌లో ఏడిస్ గుడ్లలోకి ఎక్కిస్తే, ఆ దోమలో డెంగీ వైరస్ సరిగా పెరగలేదు. వీటిని వాడటానికి రెండు దారులున్నాయి.

మొదటిది, ఆడా మగా రెండూ వదలడం. ఆడదోమ నుంచి పిల్లలకి బ్యాక్టీరియా వస్తుంది. కొన్నాళ్లకి ఆ ఊరి దోమలన్నీ వోల్బాకియావే అయిపోతాయి. దోమలు అలాగే ఉంటాయి, కుడతాయి కూడా, కానీ డెంగీ అంటించడం బాగా తగ్గుతుంది. ఇండోనేషియాలోని యోగ్యకర్తలో ఊరిని 24 ముక్కలు చేసి, లాటరీ తీసి సగం వాటిలో వదిలారు. 2021లో ఫలితాలొచ్చాయి. వదిలిన చోట డెంగీ కేసులు 77 శాతం తక్కువ, హాస్పిటల్‌లో చేరడం 86 శాతం తక్కువ.

రెండోది సింగపూర్ పద్ధతి. అక్కడ మగవి మాత్రమే వదులుతారు. మగదోమ కుట్టదు. దాంతో జత కట్టిన ఊరి ఆడదోమ గుడ్లు పొదగవు. దోమల సంఖ్యే తగ్గుతుంది, కానీ వదులుతూనే ఉండాలి.

నిద్రలేని_పక్షి
మొదటి పద్ధతిలో దోమలు కుడుతూనే ఉంటాయన్నమాట. నాకు నిద్ర పట్టదు, జ్వరం మాత్రం రాదు. చాలా థాంక్స్.

అమ్మమ్మ_వైద్యం
సహజంగా ఉన్నదాన్ని ఇలా కెలకడం నాకు నచ్చదు. రేపు ఇంకేదో వస్తే?

వైరాలజీ_విద్యార్థి
భయం సహజమే అండీ, ఆ ఊళ్లలో కూడా ముందు ఇంటింటికీ వెళ్లి జనాన్ని ఒప్పించాకే వదిలారు. వోల్బాకియా మనుషుల కణాల్లో బతకదు. ఇన్నేళ్లుగా వదిలిన చోట్ల మనుషులకి హాని జరిగినట్టు తేలలేదు.

లార్వా_వేట
నా సందేహం వేరు. అదొస్తుందిలే అని ఈలోగా తొట్లు తోమడం మానేస్తారు.

చెట్ల_పిచ్చి
టీకా లేదా డెంగీకి?

డ్యూటీ_డాక్టర్
ఉన్నాయి, షరతులతో. మొదటి టీకాకి 2015లో అనుమతి వచ్చింది. అప్పటిదాకా డెంగీ రానివాళ్లకి వేస్తే, తర్వాత వచ్చే డెంగీ తీవ్రం కావచ్చని 2017లో బయటపడింది. ఫిలిప్పీన్స్‌లో అప్పటికే లక్షల మంది పిల్లలకి వేసేశారు, పెద్ద గొడవైంది, అక్కడ మిగతా టీకాల మీద కూడా నమ్మకం పోయింది. రెండో టీకాని వ్యాధి ఎక్కువగా ఉన్న ప్రాంతాల్లో 6 నుంచి 16 ఏళ్ల పిల్లలకి వాడొచ్చని డబ్ల్యూహెచ్‌ఓ నిపుణులు 2023లో సిఫారసు చేశారు. అన్ని దేశాల్లో అనుమతి లేదు. టీకా వేసుకున్నా చికున్‌గున్యా ఆగదు, మలేరియా ఆగదు. దోమ సంగతి చూసుకోక తప్పదు.

మూడో_అంతస్తు
అప్‌డేట్. మూత మార్పించాం. అసోసియేషన్ మీటింగ్‌లో ప్రతి శుక్రవారం ఉదయం ట్యాంకులు, సెల్లార్, బాల్కనీలు చూడాలని తీర్మానం చేశారు. బాల్కనీలు చూడటానికి ఎవరు వస్తారని అడిగితే అందరూ ఫోన్లు చూసుకున్నారు. చివరికి రెండో అంతస్తు టీచర్ గారు ఒప్పుకున్నారు. ఐదో అంతస్తు ఓనర్‌కి వీడియో కాల్‌లో బాల్కనీ చూపిస్తే తాళం చెవి వాళ్ల బావమరిది దగ్గరుందని చెప్పారు. పక్క సైటు మీద అర్జీ ఇచ్చాం, రసీదు తీసుకున్నాం, ఇంకా ఎవరూ రాలేదు.

రిటైర్డ్_ఏఈ
రసీదు నంబరు వేసి మళ్లీ మళ్లీ రాయండి. సైటు ఓనర్ పేరు ప్లాన్ పర్మిషన్ కాగితంలో ఉంటుంది, నోటీసు ఆయనకే వెళ్లాలి, కాంట్రాక్టర్‌కి కాదు. లిఫ్ట్ గుంత సంగతి ఏమైంది?

మూడో_అంతస్తు
తోడిస్తే మళ్లీ ఊరుతోంది.

రిటైర్డ్_ఏఈ
సంప్ గోడ పగులు నుంచి రావచ్చు, లేదా భూగర్భ జలం. సంప్‌ని ఒక రాత్రి ఖాళీగా ఉంచి చూడండి. ఊట ఆగితే సంప్‌దే. లేకపోతే గుంత గోడలకి వాటర్‌ప్రూఫింగ్ చేయించాలి. అప్పటిదాకా వారానికోసారి బీటీఐ వేయించండి. లిఫ్ట్ టెక్నీషియన్ లేకుండా ఎవరినీ ఆ గుంతలోకి దింపకండి, పైగా కరెంటు ఆపాలి.

హోమ్‌మేకర్_దుర్గ
సెప్టిక్ ట్యాంకు గొట్టం పైన తెరిచే ఉంది మా మేడ మీద. సాయంత్రం అందులోంచి దోమలు పొగలా లేస్తున్నాయి. ఏం చేయాలి?

లార్వా_వేట
అవి క్యూలెక్స్. గొట్టం మూతికి సన్నని నైలాన్ జాలీ వేసి తీగతో బిగించి కట్టండి. గొట్టాన్ని పూర్తిగా మూసేయకూడదు, లోపల గ్యాస్ బయటికి పోవాలి. పాత దోమతెర ముక్క రెండు మడతలు వేసినా చాలు, కానీ ఎండకి పెళుసవుతుంది, ఏడాదికోసారి మార్చుకోవాలి. ట్యాంకు మూత చుట్టూ పగుళ్లుంటే సిమెంటుతో పూడ్చండి.

హోమ్‌మేకర్_దుర్గ
రేపే కట్టిస్తా. మా పక్క మేడ మీది గొట్టం కూడా తెరిచే ఉంది, వాళ్లతో మాటల్లేవు.

తిక్క_శంకరం
జాలీ ముక్క ఎక్కువ కొనండి, మాటలు కూడా కలుస్తాయి.